నిద్దర మిషను పక్కన కూర్చున్న మనిషి

మొన్నటిదాకా మల్కాపురంలో ఆ సందు మలుపు తిరగ్గానే ముందు వినిపించేది ఒక గొంతు. మనిషి కనపడదు. మధ్యాహ్నం ఎండకి తలుపులన్నీ దగ్గరగా వేసి ఉంటాయి. హార్బరు వైపు నుంచి ఓడ కూత ఒకటి వచ్చి రేకుల కప్పుల మీద వాలి, మెల్లగా సద్దుమణుగుతుంది. దాని అడుగు నుంచి, సన్నగా, తెంపు లేకుండా, ఎవరో పసిబిడ్డకి అన్నం తినిపిస్తున్నట్టు ఆ గొంతు.

"పీటేసినాను, కూకో. పప్పేసినాను, కలుపుకో. కాలతంది, ఊదుకో. వొంకాయ కూర ఇదిగో."

కొత్తగా అద్దెకి దిగినవాళ్ళు ఆ ఇంట్లో చంటిపిల్ల ఉందనుకుంటారు. కొన్నాళ్ళకి పిల్ల ఏడుపు ఒక్కసారీ వినలేదని తట్టి, పక్కింటివాళ్ళని అడుగుతారు. పక్కింటివాళ్ళు గొంతు తగ్గిస్తారు.

గొంతు గౌరీశ్వరిది. ఆమె ఎదురుగా పీట మీద కూర్చున్నది ఆమె భర్త దాలయ్య. గెడ్డం నెరిసిన మనిషి. కళ్ళు తెరిచే ఉంటాయి, ఆమెని చూడవు. ఎడమ చెయ్యి ఒడిలో ఉంటుంది. కుడిచెయ్యి మాత్రం గాలిలో, దేనికీ తగలకుండా, అయిదు వేళ్ళూ దగ్గరికి ముడుచుకుని, ఇప్పుడే ముద్ద పెట్టుకుని మరో ముద్ద కోసం ఆగినట్టు ఉంటుంది. ఎంగిలి చెయ్యి. ఏళ్ళుగా ఆ చెయ్యి అలాగే ఉంది.

గౌరీశ్వరిది పెందుర్తి దగ్గర వ్యవసాయం కుటుంబం. దాలయ్యది సబ్బవరం. ఓడరేవులో బొగ్గు దించే ఒక ప్రైవేటు కాంట్రాక్టరు దగ్గర అతను క్రేను ఆపరేటరు. పెళ్ళయి ఈ సందులోకి వచ్చిన కొత్తలో గౌరీశ్వరికి ఊరంతా ఒక పెద్ద వంటిల్లులా కనిపించేది. అటు స్టీలుప్లాంటు మీద ఆకాశం పొయ్యిలా ఎర్రబడి ఉండేది, ఇటు సముద్రం మీద పొగ. ఆరేసిన చీర మీద సాయంత్రానికి సన్నటి నల్లపొడి. దులిపి కట్టుకునేది. పిల్లలు పుట్టలేదు. ఆ మాట కూడా అలాగే దులుపుకునేది.

ఆ కాంట్రాక్టరు, ఆపరేటర్లు షిఫ్టు దిగి పడుకునే షెడ్డులో కొన్ని మిషన్లు తెచ్చి పెట్టించాడు. వాటికి ఏదో అందమైన ఇంగ్లీషు పేరు ఉండేది. ఎవరూ పలకలేదు. నిద్దర మిషను అన్నారు, అంతే. కుట్టుమిషను మూతంత ఇనప్పెట్టె. లోపల రాగితీగ చుట్ట. బయటికి రెండు తీగలు. వాటి చివర గుడ్డలు ఉప్పునీళ్ళలో తడిపి కణతలకి కట్టాలి. ఇంకొకటి రబ్బరు గొట్టం, దాని కొసన చిన్న గరాటు. పక్కన ఒక మనిషి కూర్చుని ఆ గరాటులోకి మెల్లగా ఏది చెబితే, పడుకున్న మనిషి కలలో అది తయారవుతుంది. వాన అంటే వాన. చెల్లెలి పెళ్ళి అంటే చెల్లెలి పెళ్ళి. రాత్రంతా క్రేను మీద కూర్చుని, పగటి వెలుతురులో, వ్యాగన్ల చప్పుడులో కన్ను మూతపడని వాళ్ళకి ఒక్క మంచి కల చాలు, రాత్రంతా పడుకున్నంత సుఖం అని మిషన్లు తెచ్చినవాళ్ళు చెప్పారు. అది నిజం. నిజం కాబట్టే అంతమంది దాని ముందు తల వాల్చారు.

పక్కన కూర్చునే పనికి ఆపరేటర్ల ఇళ్ళలోంచి ఆడవాళ్ళని తీసుకున్నారు. నెమ్మదిగా మాట్లాడే మనిషని గౌరీశ్వరిని తీసుకున్నారు. పక్కమనిషి అని ఆ పనికి పేరు.

కలలోకి పంపడం తేలిక. వెనక్కి తీసుకురావడమే కష్టం. మెట్లు ఎక్కిస్తూ పైకి తీసుకురండి, ఆఖరి మెట్టు దగ్గర మెలకువ వస్తుంది అని నేర్పించారు. రోజంతా క్రేను నిచ్చెన ఎక్కి దిగే మనుషులకి మెట్లంటే డ్యూటీ. కలలోనే విసుక్కుని, ఇంకా లోతుకి వెళ్ళి పడుకునేవారు. గౌరీశ్వరి కొన్నాళ్ళు అవస్థ పడి, తనకి తెలిసిన దారి ఒకటి పట్టుకుంది. ఏ కలైనా ఆఖరికి భోజనం దగ్గరికి తెచ్చేది. పీట, కంచం, పప్పు, కూర, పులుసు. చివర మజ్జిగ. ఈ నేల మీద పుట్టినవాడు ఎంత గాఢమైన కలలో ఉన్నా, కంచంలో మజ్జిగ పడితే భోజనం అయిపోయిందని వాడి ఒంటికి తెలుస్తుంది. తాగుతాడు, లేస్తాడు, చెయ్యి కడుక్కుంటాడు. ఆ నీళ్ళు చేతి మీద పడుతూ ఉండగానే కళ్ళు తెరుచుకునేవి. మిగతా పక్కమనుషులు కూడా ఆమె దగ్గర ఇదే నేర్చుకున్నారు.

ఒక్కటే నియమం. కలలో చేపలు వడ్డించకూడదు. చలమయ్య అని ఒక ఆపరేటరు ఉండేవాడు. దాలయ్యకి స్నేహితుడు. ఇంట్లోనూ పప్పే, కలలోనూ పప్పేనా చెల్లెమ్మా, కోనాం ముక్క ఒకటి పడెయ్యరాదా అని ఏడిపించేవాడు.

"సేపలు తింతే మజ్జిగ తాగవు," అనేది గౌరీశ్వరి, అతని కణతకి గుడ్డ బిగిస్తూ. "మజ్జిగ తాక్కపోతే లేగవు. నువ్వు లేక్కపోతే మీ ఆవిడొచ్చి నన్ను పడుకోబెట్టీగల్దు."

చేపలు తిన్న నోట పాలూ పెరుగూ పడకూడదని ఇక్కడ ప్రతి తల్లీ చెబుతుంది. బొల్లి వస్తుందని భయపెడుతుంది. మాటలు రాకముందే ఒంటబట్టే భయం అది. కల దాన్ని దాటదు.

మిషను మంచిది కాదని మెల్లమెల్లగా బయటపడింది. కణతల మీద నల్లటి మచ్చలు లేచాయి. ఒకతను కూతురి పేరు మరిచిపోయాడు, మళ్ళీ రాలేదు. చుట్ట అరిగేకొద్దీ వేడి లోపలికి దిగుతుందన్నారు. ఇంకోచోట ఇద్దరు పడుకున్నవాళ్ళు పడుకున్నట్టే పోయారు. ఆ తర్వాత మిషన్లు వాడకూడదని పైనుంచి ఉత్తరువు వచ్చింది. షెడ్డులోవన్నీ విరగ్గొట్టి పాత ఇనుములో కలిపేశారు. గౌరీశ్వరి ఇంటికి వచ్చేసింది. ఊళ్ళో ఆ సంగతి త్వరగానే పాతబడింది.

అప్పుడు చలమయ్య చనిపోయాడు. దాలయ్య క్రేను మీద ఉండగా తీగతాడు తెగి, బొగ్గు ఎత్తే ఇనప తొట్టి కింద పడింది. దాని కింద చలమయ్య. తాడు పాతదని విచారణలో తేల్చారు, దాలయ్యది తప్పు లేదన్నారు. తప్పు లేదన్న మాట నిద్ర పట్టించలేదు. కళ్ళు మూస్తే కింద నుంచి చలమయ్య తల ఎత్తి చూసేవాడు. నవ్వుతూ చూసేవాడు, తాడు తెగబోతోందని తెలియక. దాలయ్య ఒళ్ళంతా తడిసి లేచేవాడు. తిండి సగమైంది. చేతులు వణకడం మొదలైంది. క్రేను మీదకి రావద్దన్నారు.

ఒకరోజు గోనెసంచిలో చుట్టి ఒక మిషను ఇంటికి తెచ్చాడు. పాత ఇనుము కొనేవాడి దగ్గర విరగ్గొట్టకుండా మిగిలిపోయింది. గౌరీశ్వరి వద్దంది. అతను సంచి విప్పి ఆమె ముందు పెట్టాడు. వణికే ఆ చేతులు చూసి ఆమె ఉప్పునీళ్ళు కలిపింది.

కొన్నాళ్ళు బాగానే గడిచింది. మధ్యాహ్నం పూట తలుపు వేసి, అతన్ని వాన కురిసే అరుగుల మీదకీ, జీడితోటల్లోకీ తీసుకెళ్ళేది. మజ్జిగ పోసి తెచ్చేసేది. చేతులు కుదుటపడ్డాయి. అప్పుడు అతను ఒకటి అడిగాడు. చనిపోయిన తల్లి పోతమ్మ కావాలన్నాడు. ఆమె చేతి నెత్తళ్ళ చేపల పులుసు కావాలన్నాడు, మామిడికాయ వేసింది. గౌరీశ్వరి కుదరదంది. మర్నాడూ అడిగాడు. మూడోనాడు అడగలేదు, గోడ వైపు తిరిగి పడుకున్నాడు. ఆ వీపు చూడలేక ఆమె గరాటు నోటి దగ్గర పెట్టుకుంది.

చేపల తర్వాత మంచినీళ్ళు ఇప్పించి లేపేద్దామనుకుంది. పొయ్యి దగ్గర పోతమ్మని కూర్చోబెట్టింది. పులుసు వాసన చెప్పింది. దాలయ్య పెదాలు తడిశాయి, గొంతు ముద్ద మింగినట్టు కదిలింది. అన్నాళ్ళలో ఆ ముఖం అంత తేటగా ఉండగా ఆమె చూడలేదు. చూస్తూ ఉండిపోయింది. చూస్తూ ఉండగా, ఏళ్ళ తరబడి ఒకే వరసలో తిరిగిన నాలుక తన దారిన తాను నడిచి, "మజ్జిగ పోసినాను" అనేసింది.

దాలయ్య నొసలు ముడిపడింది. నిద్రలోనే చిన్నపిల్లాడి గొంతుతో అన్నాడు.

"సేపల మీద మజ్జిగేటమ్మా?"

ఆమె గబగబా నీళ్ళు తాగమంది, చెయ్యి కడుక్కోమంది, లేవమంది. వినిపించుకోలేదు. తప్పు చెప్పిన గొంతుని కల మళ్ళీ గుమ్మం తొక్కనివ్వదు, తనకి ముందే తెలిసిన మాట తెస్తే తప్ప. తీగలు పీకేసింది. అతను కళ్ళు తెరిచాడు. కానీ లేచింది ఒళ్ళే. అతను అక్కడే ఉన్నాడు, తల్లి ముందు, సగం తిన్న కంచం దగ్గర, చెయ్యి ఎంగిలిగా.

ఆ చేతి మీద నీళ్ళు పోస్తే పెద్దగా కేక పెట్టేవాడు. స్నానం చేయిస్తుంటే దాన్ని పైకెత్తి పట్టుకునేవాడు. పెద్ద డాక్టర్లు నరాల జబ్బన్నారు, మాత్రలు ఇచ్చారు, వేళ్ళు సాగదీయించారు. వేళ్ళు మళ్ళీ ముడుచుకున్నాయి. గౌరీశ్వరి నోట్లో గంజి పోస్తే మింగేవాడు. అన్నం పెడితే తుపుక్కున ఉమ్మేవాడు. ఒకసారి తింటున్న మనిషి మధ్యలో ఇంకో చోట తినడు కదా.

అందుకే ప్రతి మధ్యాహ్నం ఆమె అతని ముందు కూర్చుని, మిషను లేకుండానే, భోజనం మొదటినుంచీ చెప్పేది. చివర ఒక్కోరోజు ఒక్కో మాట పెట్టి చూసేది. నీళ్ళు తాగు. తమలపాకు తీసుకో. బయట ఎవరో పిలుస్తున్నారు. ఏ మాటకీ చెయ్యి కిందికి దిగలేదు. మిషను మంచం కింద ఉండేది. దాని జోలికి వెళ్ళే ధైర్యం ఆమెకి లేదు.

ఈ ఎండాకాలం దాలయ్య గంజి మింగడం మానేశాడు. పెదాల పక్కనుంచి కారిపోయేది. బుగ్గలు లోపలికి పోయాయి. ఇంకెన్నాళ్ళో లేదని గౌరీశ్వరికి తెలిసింది. ఆకలితో చచ్చిపోతాడు, కంచం ముందు కూర్చునే.

ఆమె సబ్బవరం వెళ్ళింది. దాలయ్య అక్క సీతాలు అక్కడ కొత్త కాలనీలో కూతురి దగ్గర ఉంటుంది. తమ్ముణ్ణి ఈమే పాడుచేసిందని ఆవిడ ఇన్నేళ్ళుగా గడప తొక్కలేదు. గౌరీశ్వరిని కూర్చోమనలేదు. మంచినీళ్ళు మాత్రం ఇచ్చింది. మీ అమ్మ చేపలు వండిన రోజున మిమ్మల్ని కంచం ముందు నుంచి ఏం చెప్పి లేపేదని గౌరీశ్వరి అడిగింది.

సీతాలు ఆమె చేతిలోంచి గ్లాసు లాక్కుంది. "ఇదడగడానికొచ్చినావా? ఇన్నాల్లకి?"

"ఆడు సచ్చిపోతన్నాడొదినా."

సీతాలు కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. కొంగు వెనకనుంచే చెప్పింది. పోతమ్మకి ఒక బూడిదరంగు పిల్లి ఉండేదట. చేపల రోజున అది కంచాల చుట్టూ తిరిగేది. పిల్లలు ముళ్ళు చీకుతూ ఎంతకీ లేవకపోతే, పోతమ్మ గరిటె ఎత్తి, ఇంక లేగండి, పిల్లికి వొగ్గండి అనేది. ఆ మాటతో అందరూ కంచాలు వదిలి లేవాలి. ఆ తర్వాత కంచం పిల్లిది.

"పిల్లికున్న పాటి నోసుకోలేదు మా తమ్ముడు," అంది సీతాలు. అని, చెప్పులేసుకుని ఆమె వెంట బస్సెక్కింది.

ఆ మాట వట్టి నోటితో చెబితే దాలయ్య చెయ్యి కదల్లేదు. మిషను బాగు చెయ్యడానికి ఉదయ్‌కుమార్ వచ్చాడు. ఒకప్పుడు షెడ్డులో వాటిని చూసుకున్నవాడు. ఇప్పుడు మధురవాడలో అపార్టుమెంట్ల లిఫ్టులు చూస్తాడు. పెట్టె మూత తీసి, చుట్ట మీద వేలు పెట్టి, చటుక్కున వెనక్కి తీసుకున్నాడు. లోపలి పూత అంతా రాలిపోయిందన్నాడు. ఒక్కసారి తిరుగుతుంది, రెండోసారికి ఉండదు. అది చెప్పి, వెళ్ళిపోకుండా పెట్టె పక్కనే కూర్చున్నాడు.

"అక్కా, ఒకటి సెప్తాను ఇను. బావ ఉన్నది అడుగున. వొల్లమ్మ దగ్గర. ఆ పైన జరిగిందంతా దాని మీద పొరలు పొరలుగా ఉంటాది. ఈ చుట్ట కాలతా దిగుతాది. దారిలో ఏదుంతే అది కాలిపోద్ది."

పైన ఏముందో గౌరీశ్వరికి ఒకరు చెప్పనక్కర్లేదు. పెళ్ళి నాటి నుంచి పైనున్నదంతా తనే. ఆమె దాలయ్య వైపు చూసింది. చొక్కా అతని మీద దండెం మీద వేలాడినట్టు ఉంది. ఆమె లేచి వెళ్ళి గిన్నెలో ఉప్పు వేసి నీళ్ళు కలపడం మొదలుపెట్టింది. ఉదయ్‌కుమార్ తీగల చిక్కు విప్పాడు.

అది మిట్టమధ్యాహ్నం. తలుపు సందులోంచి ఒక వెలుగు చార వచ్చి నేల మీద పడి ఉంది. సీతాలు తమ్ముడి పాదాలు పట్టుకుని కూర్చుంది. చుట్ట తిరగ్గానే దోమ రొదలాంటి చప్పుడు మొదలైంది. దాలయ్య కళ్ళు మూతలు పడ్డాయి.

గౌరీశ్వరి గరాటులోకి మాట్లాడింది. దారి చెప్పాలి. దారి చెప్పకపోతే అడుగుకి చేరడం కుదరదు. ఈ ఇంటి తలుపు తెరిచింది. దాటి వచ్చాక ఆ తలుపు ఇంక లేదని ఆమెకి తెలుసు. షెడ్డు చెప్పింది. చలమయ్య నవ్వు చెప్పింది. నల్లపొడి దులుపుకున్న చీర చెప్పింది. వర్షాకాలం ఇద్దరూ ఒకే గొడుగు కింద సింధియా జంక్షన్ దాకా నడిచిన సాయంత్రం చెప్పింది. దాన్ని మాత్రం కాస్త ఆగి, మెల్లగా చెప్పింది. కణత దగ్గర గుడ్డ పొగ చిమ్మింది. తొందరపడమని ఉదయ్‌కుమార్ సైగ చేశాడు. పెళ్ళి పందిరి, తలమీద నుంచి జారుతున్న తలంబ్రాలు, తెర దించినప్పుడు తొలిసారి చూసుకున్న ముఖం. తన ముఖాన్ని తనే చెప్పింది, దాని మీదుగా నడిచింది. ఇల్లు ఊడుస్తూ ఊడుస్తూ వెనక్కి నడిచి, గడప అవతలికి వచ్చేసినట్టు అనిపించింది.

అవతల ఒక వంటిల్లు. పొయ్యి వెలుగుతోంది. పులుసు వాసన. పోతమ్మ ఉంది. ఆమెని ఎవరూ చెప్పనక్కర్లేకుండానే ఉంది.

గౌరీశ్వరి గొంతు మార్చలేదు. ఒక్క మాటే అంది.

"ఇంక లేగరా. పిల్లికి వొగ్గు."

దాలయ్య ముఖంలో చిరాకు లాంటిది, నవ్వు లాంటిది కదిలింది. కుడిచెయ్యి గాలిలో కొంచెం ముందుకు చాచాడు. సీతాలు చెంబెత్తి నీళ్ళు పోసింది. కేక పెట్టలేదు. వేళ్ళు ఒక్కొక్కటే విచ్చుకున్నాయి. అరిచేయి తెల్లగా, ముడతలు పడి, పుట్టిన బిడ్డ చెయ్యిలా ఉంది. పెట్టెలో ఏదో చిట్లిన చప్పుడైంది. గదంతా కాలిన రాగి వాసన.

దాలయ్య కళ్ళు తెరిచి ముందు అక్కని చూశాడు. ముసలైపోయావేంటే అన్నాడు. ఆకలేస్తోందన్నాడు. గౌరీశ్వరి అన్నం కలిపి తెచ్చింది. అతను సర్దుకుని కూర్చుని, రెండు చేతులతో మర్యాదగా కంచం అందుకున్నాడు.

"మీకెందుకండీ సెమ," అన్నాడు. "మీరు తిన్నారా?"

ఇప్పుడు దాలయ్య బాగా తింటాడు. పగలూ రాత్రీ నిద్రపోతాడు. క్రేను లేదు, తాడు లేదు, చలమయ్య లేడు. ఏ పీడకలకి భయపడి మిషను తెచ్చుకున్నాడో అది కూడా కాలిపోయింది. ఇది ఎవరి ఇల్లో అతనికి తెలియదు. జ్వరమొస్తే ఎవరో పుణ్యాత్మురాలు తీసుకొచ్చి పడుకోబెట్టిందనుకుంటాడు. గౌరీశ్వరి గదిలోకి వస్తే లేచి నిలబడతాడు. ఆమె చీర చెంగు తగిలితే పక్కకి తప్పుకుంటాడు. పెళ్ళి ఫోటో చూపిస్తే, బాగున్నారండీ మీ ఇద్దరూ అన్నాడు. సీతాలు చెప్పి చూసింది, ఏడ్చి చూసింది. నవ్వుతాడు, పరాయి ఆడమనిషి ముందు అలాంటి వేళాకోళం ఏమిటే అక్కా అంటాడు. అమ్మ ఎదురుచూస్తుంది, ఇంటికి తీసుకుపో అంటాడు. రేపు పొద్దుటి బస్సుకి సీతాలు అతన్ని సబ్బవరం తీసుకెళ్ళిపోతోంది. తీసుకెళ్ళమని చెప్పింది గౌరీశ్వరే. పరాయి ఇంట్లో మనిషి ఎన్నాళ్ళు ఒదిగి ఒదిగి కూర్చుంటాడు అంది.

ఈ కథంతా రాసుకోడానికి వచ్చిన మనిషికి ఆమె చెప్పింది చెప్పినట్టు చెప్పింది. ఎక్కడా ఏడవలేదు. చెబుతూనే దాలయ్య బట్టలు మడతపెట్టి సంచిలో సర్దింది. కొత్త లుంగీ ఒకటి పైన పెట్టింది. లోపలి గదిలో అతను నిద్రపోతున్నాడు, ఊపిరి నిదానంగా వినిపిస్తోంది. ఆమె గుమ్మం దాకా సాగనంపడానికి వచ్చి, అక్కడ ఆగింది.

"పేరేటండీ అని పొద్దున్నించీ అడుగుతన్నాడమ్మా. ఇంత బాగా సూసుకున్నారని వొల్లమ్మకి సెప్పాలంట. నా అసలు పేరు సెప్పినాననుకో, ఆ పేరు ఇని కూడా ఆడి మొగంలో ఏటీ కదలకపోతే, అది నాను సూడలేను. రాసినప్పుడు నాకు యేరే పేరెడతానన్నావు కదా. ఆ పేరేదో ఇప్పుడే సెప్పీ. రేపు ఆడికదే సెప్తాను."